పెండకు తోడు

నా చిన్నప్పుడు, మేడిపల్లిలో మా పెరట్లో గోబర్ గ్యాస్ గుంత కట్టిన ఏడాది, మా ఇంట్లో ఒక గిన్నెడు పెరుగు మాయమైంది. తీసింది నేనే.

గుంత కట్టింది కోరుట్ల నుంచి వచ్చిన మేస్త్రీ చాచా. ఇటుకలతో గుమ్మటంలా కట్టి, పెండ ఎంతో నీళ్లు అంతే కలిపి పోయించి, గాలి చొరకుండా మూయించాడు. లోపల పెండ మురిగి గ్యాసు పుడుతుందని, అది గొట్టం గుండా వంటింటి పొయ్యికి వస్తుందని చెప్పాడు. ఊళ్లో అదే మొదటిది. మరో ఇద్దరు రైతులు కూడా కట్టించుకుంటామన్నారు కానీ, ముందు మా పొయ్యి మండాలన్నారు.

మూడు వారాలైనా అది మండలేదు. అగ్గిపుల్ల దగ్గరపెడితే అదీ ఆరిపోయేది. పక్కింటి పెద్దమ్మ రోజూ గోడ మీదుగా తొంగిచూసేది.

“ఏంది మేస్త్రీ, ఎండిన పిడక మండుతదని మాకెరుకే. పచ్చి పెండతోని వంట చేపిస్తనంటివి, ఏమాయె?”

“మొదలొచ్చే గ్యాసు మండది పెద్దమ్మా, ఇడిసిపెట్టాలె. గీ గుంతకు ఇంకా తోడు పడలే,” అన్నాడు చాచా. మొహం మాత్రం చిన్నబోయింది.

తోడు అంటే నాకు తెలిసింది ఒకటే. మధ్యాహ్నం అమ్మ కునుకు తీస్తుండగా పెరుగు గిన్నె తీసుకెళ్లి పెండ కలిపే తొట్టిలో కుమ్మరించాను. ఖాళీ గిన్నెతో తిరిగితే ఎదురుగా చాచా. నవ్వు ఆపుకోలేక అక్కడే కూలబడ్డాడు. ఆ నవ్వుకు అమ్మ లేచి వచ్చేసరికి మాత్రం, “పెరుగు నేనే తెమ్మన్న అక్కా,” అన్నాడు.

తర్వాత నాతో మెల్లగా, “పాలకు పాల తోడు, పెండకు పెండ తోడు బిడ్డా. పా, సూపిస్త,” అన్నాడు.

మర్నాడు ఎడ్లబండి మీద పక్క ఊరికి వెళ్లాం. అక్కడ ఎప్పటినుంచో నడుస్తున్న గుంత నుంచి రెండు డ్రమ్ముల పాత పెండనీళ్లు తోడుకున్నాడు. పెండను తిని గ్యాసు వదిలే, కంటికి కనపడని జీవాలు అందులో ఉంటాయని, కొత్త గుంతలో అవి చాలవని దారిలో చెప్పాడు.

అవి పోసిన తొమ్మిదో రోజు పొయ్యి మీద నీలిమంట నిలబడింది. పెద్దమ్మ వంగి వాసన చూసి, వెళ్లి తన పాలగిన్నె తెచ్చి పెట్టింది. ఆ సాయంత్రమే ఇద్దరు రైతులూ చాచాను తమ పెరళ్లకు తీసుకెళ్లారు.

పెద్దయ్యాక నేను సిరిసిల్లలో టీచరునయ్యాను. కొత్తగా చేరిన పిల్ల ఎవరైనా నోరు విప్పకపోతే, తరగతిలో గలగలా మాట్లాడే పిల్ల పక్కన కూర్చోబెట్టేదాన్ని కాదు. కిందటేడు అలాగే మౌనంగా చేరి, ఇప్పుడు మాట్లాడుతున్న పిల్ల పక్కన కూర్చోబెట్టేదాన్ని. ఆ తర్వాత నేను కల్పించుకునేదాన్ని కాదు. ఎవరు ఎన్నో రోజున మాట్లాడారో నా డైరీల్లో ఉంది. పది రోజులు దాటినవాళ్లు చాలా తక్కువ.