ముత్తాత పేరుతో అచ్చయిన నాటకం

తాండూరు గురించి వేస్తున్న ఒక సంచికకు వ్యాసం అడిగితే, మా ముత్తాతను ఆ ఊరి తొలి నాటక రచయితగా రాశాను. ఆయన పేరుతో అచ్చయిన చిన్న నాటకం ఒకటి మా ఇంట్లో ఉంది. వికారాబాద్ బడిలో ఎన్నో ఏళ్ళుగా తెలుగు చెప్తున్నదాన్ని కాబట్టి నా మాటను ఎవరూ అనుమానించలేదు. అది అబద్ధమని నాకు మాత్రం తెలుసు.

ఆ నాటకం రాసింది ముత్తవ్వ, మా నాన్నకు నాయనమ్మ. ఎనిమిదేళ్ళకే పెళ్ళయి తాండూరు వచ్చింది. అన్న దగ్గర చాటుగా నేర్చుకున్న అక్షరాలే ఆమె చదువు. మగవాళ్ళు గంజ్‌ బజారుకు బేరాలకు పోయాక వాకిలి గడియ పెట్టి, వాడకట్టు ఆడవాళ్ళను కూడగట్టి నాటకాలు ఆడించేదట. మీసాలకు బొగ్గు, రాజుగారికి మామగారి తలపాగా. అట్లా మూడు నాటకాలు రాసింది. మూడోది ముత్తాత కంటబడింది. కొట్టలేదు, తిట్టలేదు. దాన్ని హైదరాబాద్ తీసుకెళ్ళి తన పేరుతో అచ్చు వేయించాడు. ఆ తర్వాత చాలా ఏళ్ళు బతికినా ఆమె మళ్ళీ కలం పట్టలేదు.

ఇదంతా మా నాయనమ్మ చెప్పింది. ఆ మూడో నాటకం చేతిరాత ప్రతి కూడా నాకే ఇచ్చింది. నాన్న బతికున్నన్నాళ్ళు "మా తాత నాటకం" అని ఇంటికొచ్చినవాళ్ళందరికీ అచ్చు పుస్తకం చూపించేవాడు. ఆయన పోయాక కూడా నేను నోరు విప్పలేదు. దొంగకు మునిమనవరాలిని అనిపించుకోవడం ఇష్టం లేకపోయింది.

సంచిక వచ్చిన నెలకు బషీరాబాద్ నుంచి ఒక ముసలమ్మ బస్సెక్కి మా బడికి వచ్చింది. ఎనభై దాటి ఉంటాయి. మనవరాలు నా వ్యాసం చదివి వినిపించిందట.

"గా నాటకం మీ ముత్తాత రాసిండా బిడ్డా? మా అమ్మ పన్నెండేండ్ల పిల్లప్పుడు దాంట్ల కోడలి వేషం కట్టింది. మీ ముత్తవ్వనే రాసింది, మీ ముత్తవ్వనే నేర్పిందని సచ్చేదాక చెప్పింది."

స్టాఫ్‌రూములో తోటి టీచర్లు తలలెత్తి చూశారు. "ఆధారం ఏమన్న ఉన్నదా అవ్వా?" అన్నాను.

ఆమె లేచి నిలబడింది. చదువు రాని మనిషి. అక్షరాలు నేర్చుకుంటానని అత్తతో వాదించే కోడలి మాటలు, తల్లి నోట విన్నవి, వరసగా చెప్పసాగింది. "దీపం ముట్టించేది నేనే గదా అత్తా, దాని వెలుగుల నేనెందుకు సదవొద్దు?" అన్నది.

ఆ మాట అచ్చు పుస్తకంలో లేదు. చేతిరాతలో ఉంది, మీద ముత్తాత కొట్టేసిన గీతతో.

అయినా, "యాదికున్న మాటలను ఆధారం అనలేం అవ్వా" అన్నాను. "మంచిది బిడ్డా" అని ఆమె సంచి తీసుకొని వెళ్ళిపోయింది. అంత దూరం నుంచి వచ్చిన మనిషికి గ్లాసెడు మంచినీళ్ళు కూడా ఇవ్వలేదు.

ఆ వారమే, పక్కపిల్ల వ్యాసం చూసి రాసిన ఒక అమ్మాయిని నిలబెట్టి, "ఎవరు రాసిండ్రిది?" అని గద్దించాను. "నేను రాయలే మేడం" అని వెంటనే ఒప్పుకుంది. సుద్దముక్క పట్టుకొని బోర్డు వైపు తిరిగాను. చాలాసేపు ఏమీ రాయలేకపోయాను.

ఆదివారం చేతిరాత ప్రతి తీసుకొని బషీరాబాద్ వెళ్ళాను. "నాకు ముందే తెలుసు అవ్వా" అన్నాను.

"ఎరుకుండి గూడ ఆధారం అడిగినవా?"

చేతిరాత ప్రతి తీసి ఆమె ముందు పెట్టాను. ఆమె దాన్ని తడిమి, "కోపం లేదని అనను. జర సదువు, నేను ఇంటా" అన్నది. చదివాను. నా కంటే ఒక మాట ముందే ఆమె పెదవులు కదిలాయి.

తర్వాతి సంచికలో, తెలిసే అబద్ధం రాశానని సవరణ రాశాను. ముసలమ్మ అడిగినట్టే, కోడలి వేషం కట్టిన వాళ్ళమ్మ పేరు కూడా వేయించాను. మా అన్న ఫోన్ చేసి "ముత్తాతను బజారుకీడ్చినవ్" అన్నాడు. మళ్ళీ మాట్లాడలేదు. కొందరు ధైర్యం చేశావని మెచ్చుకున్నారు. అప్పుడు ఇంకా సిగ్గేసింది. ముత్తవ్వ మొదటి రెండు నాటకాలు ఏమైనాయో ఇప్పుడు ఎవరికీ తెలియదు. నాయనమ్మకు తెలిసే ఉంటుంది. ఆమె బతికుండగా నేను ఒక్కసారి కూడా అడగలేదు.