సక్కుబాయక్క కుట్టిన సంచి

మొన్న బస్సులో ఎవరో తడిసిన కాన్వాసు గుడ్డ మూట నా పక్కన పెట్టారు. ఆ వాసనకు సక్కుబాయక్క గుర్తొచ్చి, దిగాల్సిన చోట దిగడం మరిచిపోయాను.

ఆమె మంచిర్యాలలో డేరాలు, లారీ పరదాలు కుట్టేది. మా వైద్యశాఖ ఆఫీసు కుట్టుపనీ ఆమెకే వచ్చేది. నేను జైనూరు వైపు అడవి పల్లెల్లో కాన్పులు చేసే నర్సుగా కొత్తగా చేరాను. మందులు మోయడానికి ఆఫీసువాళ్ళు వీపుసంచి ఇచ్చారు. గుట్టలెక్కి దిగేసరికి పట్టీలు రొమ్ముల పక్కన ఒరుసుకుని పుండ్లు పడేవి. ఎవరికి చెప్పుకోను? ఒకసారి పట్టీ తెగితే ఆమె దగ్గరికి తీసుకెళ్ళాను. నేను చెయ్యి ఎత్తలేకపోవడం చూసి తలుపు వేసింది.

"సంచి సంగతి తర్వాత. ముందుగాల రైక జర జరుపు."

పుండు చూసి, సంచి పట్టీని వేళ్ళతో తడిమింది.

"గిది మొగోని ఈపుకు కుట్టిన సంచి, చెల్లె. నీ ఒంట్ల తప్పేం లేదు."

అప్పటిదాకా తప్పు నా ఒంటిదే అనుకున్నాను.

ఆమె సంచి మొత్తం విప్పేసింది. పట్టీలను మెడ దగ్గరికి జరిపి, రొమ్ములకు తగలకుండా వంపు తిప్పింది. బరువు తుంటి మీద నిలిచేలా నడుముకు పటకా వేసింది. ఇసుక నింపి నన్ను వాకిట్లో నడిపించి, మూడుసార్లు విప్పి మళ్ళీ కుట్టింది.

"మిగతా నర్సమ్మలు గూడ గిట్లనే బాధపడుతుండొచ్చు. మీ ఆఫీసర్‌కు సూపెట్టు," అంది. చూపిస్తానని మాటిచ్చాను.

నేను చూపించకముందే తనిఖీలో ఆయనే చూశాడు.

"సర్కారు సామాను ఎవర్నడిగి కోసిన్రు?"

నాది ఇంకా పర్మినెంటు కాని ఉద్యోగం. "పట్టీ కుట్టమని ఇచ్చిన సార్. ఆమెనే ఖరాబు చేసింది," అన్నాను.

ఆఫీసు పని ఆమెకు ఆగిపోయింది. నాకు మరో మగవాళ్ళ సంచి ఇచ్చారు. తీసుకున్నాను.

ఆమె ముందుకు వెళ్ళడానికి నాకు రెండేళ్ళు పట్టింది. ఆ రోజు ఆఫీసరుతో అన్నది ఒప్పుకుంటే, మిషను ఆపకుండానే విన్నది.

"నువ్వే అన్నవని గప్పుడే తెల్సింది. ఇయ్యాల కాకపోతే రేపొస్తవని సూసిన. తర్వాత సూసుడు బంద్ జేసిన."

కోపంగా అనలేదు. అంటే బాగుండేది.

తర్వాత నేను పెద్దనర్సునయ్యాక, కొట్లాడి మా ఆడవాళ్ళందరికీ అలాంటి సంచులే కుట్టించాను. అప్పటికి ఆమె లేదు. ఈ కొలతలు ఎవరివని అడిగిన ప్రతివారికీ ఆమె పేరు చెప్పాను. చెప్పిన ప్రతిసారీ, ఆ పేరు పలకాల్సిన రోజున నేనన్న మాటే నాకు ముందు వినిపించేది. ఇప్పటికీ అంతే.