అడగకుండా వేసిన శిక్ష

ప్రొద్దుటూరు ప్లీడరు మామ పోయినాడని పులివెందులలో నేను పాఠం చెబుతుండగా కబురు వచ్చింది. పాఠం ముగించే బయటికి వచ్చాను. ఆయన నాకు చుట్టం కాదు, మా ఎదురింటాయన.

తనది కాని విషయంలో తీర్పు చెప్పడం ఆయనకు చేతనయ్యేది కాదు. కూర ఎట్లుందని అత్త అడిగితే, "తినేవరకే నా పని. ఉప్పు సంగతి నీ అధికారం" అనేవాడు.

"అయితే రేపట్నుంచి ఉప్పే వెయ్యను. ఏ కోర్టుకు పోతావో పో" అనేది అత్త.

ఆంధ్రరాష్ట్రం వేరుపడి, గుంటూరులో హైకోర్టు పెట్టిన రోజులవి. బి.ఏ. చరిత్ర పరీక్షలో నా జవాబూ పక్కనున్న అమ్మాయి జవాబూ ఒకే తీరుగా ఉన్నాయని, చూసి రాశానని, యూనివర్సిటీ నా పరీక్ష రద్దు చేసింది. మళ్ళీ రాసే వీలూ లేదంది. నన్ను ఒక్క మాట అడగలేదు. చదివింది చాల్లే అన్నాడు నాయన. నేను ఎదురింటికి పోయాను.

"రెండు పేపర్లూ జడ్జి ముందర పెట్టు మామా. చదివితే ఆయనకే తెలుస్తాది."

"చదవడు పాపా. పేపర్లు దిద్దేది వాళ్ళ పని. కోర్టు దాంట్లో చెయ్యి పెట్టదు."

"మరి ఎందుకు పోతాండాం మనం?"

"నిన్ను అడక్కుండా శిక్ష ఎట్లేసినారని అడిగేకి."

నాకది చాలలేదు. నా చరిత్ర పుస్తకాలన్నీ కోర్టుకు తేవాల్సిందేనని పట్టుబట్టాను. ఎర్రగుంట్ల స్టేషన్లో ఆ కట్ట ఆయనే మోశాడు. గుంటూరులో దాని తాడు కూడా విప్పలేదు.

జడ్జి అచ్చం మామ చెప్పినట్టే అన్నాడు. జవాబుల మంచిచెడ్డలు ప్రొఫెసర్లే చూసుకోవాలి. కానీ పిలిచి అడగకుండా వేసిన శిక్ష చెల్లదు. అడిగి, మళ్ళీ తేల్చండి.

తిరుగు ప్రయాణంలో, ప్లాట్‌ఫారం మీదే మండిపడ్డాను. "నేను చూసి రాయలేదని ఒక్క మాట అనిపించలేకపోతివి. ఆఖరికి నువ్వు కూడా అడగలేదు గదా మామా, చూసి రాసినావా అని!"

"అడగాల్సినోళ్ళు ఇంగ అడుగుతారు. వాళ్ళకు చెప్పు."

"వాళ్ళు నమ్మకపోతే?"

"అప్పుడు నేను చేసేది ఏమీ లేదు" అని శనక్కాయలు ఒలిచి నా చేతిలో పోశాడు. ఓదార్చడం కూడా తన అధికారంలోది కాదనుకున్నాడేమో.

యూనివర్సిటీకి ఆయన రాలేదు. ప్లీడరుకు అక్కడ పని లేదన్నాడు. ఒంటరిగానే పోయాను. మేమిద్దరం ఒకే లెక్చరరు చెప్పిన నోట్సు బట్టీ పట్టామని చెప్పాను. పుస్తకం లేకుండా ఆ జవాబంతా అప్పజెప్పాను. తర్వాత పాసైనట్టు ప్రకటించారు. ఆ సంగతి చెబితే మామ "శానా సంతోషం" అని పేపరు తిప్పుకున్నాడు. కొంచెం పొగిడితే బాగుండుననిపించింది అప్పట్లో.

ఆయన్ను గొప్ప ప్లీడరని ఊళ్ళో ఎవరూ అనగా వినలేదు. ఆయన్ను తలచుకుంటే నాకు కోర్టు కూడా గుర్తుకు రాదు. యూనివర్సిటీలోని ఆ గది గుర్తొస్తుంది. పొడవాటి బల్లకు అవతల నలుగురు ప్రొఫెసర్లు, పైన నిదానంగా తిరిగే ఫ్యాను. వాళ్ళలో పెద్దాయన కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టి, "చెప్పమ్మా" అన్నాడు. నలుగురూ నావైపే చూస్తూ కూర్చున్నారు.