మా బాపు లేని పుస్తకం

మా చరిత్ర మేడం పోయారు. మంగళవారం పొద్దున కూరగాయలు తరుగుతుంటే, నాతో డిగ్రీ చదివిన స్నేహితురాలు ఫోన్ చేసింది. "కరీంనగర్ దవాఖానల పోయిందటనే, నిద్రలనే" అంది. ఏడుపు వచ్చింది. నిజం చెప్పాలంటే, అంతకంటే ముందు సిగ్గు వచ్చింది. ఆమెకు చెప్పాల్సిన ఒక్క మాటను ఏళ్లకేళ్లు వాయిదా వేశాను.

గోదావరిఖని కాలేజీలో ఆమె మాకు చరిత్ర చెప్పేవారు. రాజుల పేర్లు గడగడా అప్పజెప్పేవాళ్లంటే ఆమెకు గిట్టదు. "మీ ఇంట్ల అందరికన్న ముందు బొగ్గుబాయిల దిగినోళ్లు ఎవరు? పోయి అడుగుండ్రి, రాసుకొని రాండ్రి" అని పని పెట్టేవారు. సాయంత్రాలు తానే చిన్న రికార్డరు సంచిలో వేసుకుని గని కార్మికుల క్వార్టర్లకు పోయేవారు. కుర్చీ వేసినా నేల మీదే కూర్చునేవారు. ఎంత తియ్యటి టీ ఇచ్చినా మిగల్చకుండా తాగేవారు. ఆమెకు షుగర్ ఉందని మాకు చాలా రోజులకు గానీ తెలియలేదు.

అట్లా మా ఇంటికీ వచ్చారు. మా బాపుది మారుపేరు ఉద్యోగం. కమాన్‌పూర్‌లో ఉండే దూరపు చుట్టానికి గనిలో పని దొరికితే, అతను మొదటి రోజే లోపలి చీకటి చూసి పారిపోయాడు. అతని పేరు మీద బాపు దిగాడు. ఏళ్ల తరబడి ఆ పేరుకే హాజరు పలికాడు, ఆ పేరే సంతకం పెట్టడం నేర్చుకున్నాడు. మా వైపు అట్లాంటి ఇళ్లు ఇంకా ఉన్నాయి, ఎవరూ పైకి అనుకోరు. మేడం దగ్గర మాత్రం బాపు నాలుగు సాయంత్రాలు ఆపకుండా మాట్లాడాడు. చివర్లో ఆమె "కాకా, నీ అసలు పేరేంది?" అని అడిగితే, చెప్పి, చిన్నపిల్లాడిలా నవ్వాడు.

గని కార్మికుల మీద ఆమె రాస్తున్న పుస్తకానికి ఆ కథే ప్రాణం. అచ్చుకు పోయే ముందు, బాపుకు చెప్పకుండా నేను ఆమె ఇంటికి పరుగెత్తాను. బాపు తర్వాత ఆ ఉద్యోగం అన్నకు రావాలి. సంగతి బయటపడితే ఇద్దరి బతుకూ పోతుందని నా భయం. "తీసెయ్యుండ్రి మేడం. మా బతుకులు చూపెట్టి మీరు పేరు తెచ్చుకుంటరా?" అన్నాను. ఎంత మాట! నా నోరు పడిపోను. ఆమె కాసేపు కళ్లద్దాలు తుడుచుకున్నారు.

"పేర్లు మారుస్త తియ్యి" అన్నారు.

"ఎన్ని మార్చినా బస్తీల అందరికి తెలుస్తది" అని మొండికేశాను.

"సరే. రాసుడు ఎప్పుడన్న రాయొచ్చు. నువ్వు ఫికర్ చెయ్యకు" అని, నా ముందే బాపు కథ ఉన్న కాగితాలు తీసి బీరువాలో పెట్టారు.

పుస్తకం వచ్చింది. ప్రొఫెసర్ పోస్టు ఇంటర్వ్యూలో "ఇందులో కొత్త సంగతి ఏముంది?" అని అడిగితే ఆమె జవాబివ్వలేదట. తోటి లెక్చరర్ ఒకాయన చెబితే తెలిసింది. ఆమె లెక్చరర్‌గానే రిటైరయ్యారు. బజారులో కలిసినప్పుడల్లా "బాపు మంచిగున్నడా?" అనేవారే తప్ప ఆ ఊసే ఎత్తలేదు.

ఇటు బాపు ఏ గొడవా లేకుండా రిటైరయ్యాడు. అన్న గని వైపే పోలేదు, మంచిర్యాలలో టైర్ల షాపు పెట్టుకున్నాడు. "ఇగ వేసుకోండ్రి మేడం" అని చెబితే అయిపోయేది. ముఖం చెల్లక, ఆమె దగ్గరికి పోలేదు. పుస్తకం మళ్లీ అచ్చవుతోందని తెలిసినప్పుడూ పోలేదు.

మంగళవారమే బాపుకు చెప్పాను. లోపలికి పోయి తువ్వాలలో చుట్టిన పుస్తకం తెచ్చాడు. అచ్చయిన కొత్తలో మేడం తానే తెచ్చి ఇచ్చారట. సంతకం తప్ప బాపుకు చదువు రాదు.

"'నీ మాటలు విన్నంకనే ఇది రాసిన కాకా' అన్నది. ఇన్నేండ్ల నౌకరీల నా పేరు అడిగింది ఆమె ఒక్కతే బిడ్డా. నా పేరున్నకాడ జర చదువు" అన్నాడు.

నేను పేజీలు తిప్పుతూ కూర్చున్నాను. బాపు కళ్లద్దాలు పెట్టుకుని, తిప్పిన ప్రతి పేజీ మీదికీ వంగి చూస్తున్నాడు.