అత్తగారి ఒళ్ళో పింకీ

మా అత్తగారు పోయారు. మిరప కల్లం దగ్గరుండి చూసుకోవాలని చిలకలూరిపేట పక్కన మా ఊరెళ్ళి, అక్కడే నిద్రలో పోయారని తెల్లారేసరికి మావారికి ఫోనొచ్చింది. కార్యక్రమాలన్నీ ముగించుకుని గుంటూరు వచ్చేశాం. పలకరించడానికి వచ్చిన బ్రాడీపేట ఇరుగుపొరుగంతా ముందు మా చిన్న కుక్క పింకీనే ఓదారుస్తున్నారు. పాపం, అన్నం ముట్టడం లేదట కదా అని. నేనూ ముట్టలేదు. నన్నెవరూ అడగలేదు.

దాచుకోవడం ఎందుకు, పింకీ అంటే నాకు కుళ్ళు.

ఇన్నేళ్ళలో మా అత్తగారు నన్ను ఒక్క చెడ్డ మాట అనలేదు. మంచి మాటా అనలేదు. "ఏమ్మాయ్" అని పిలిచి పని చెప్పేవారు, అంతే. ఇంట్లోకి కుక్కేంటి ఛీ అన్న ఆ మనిషే నెల తిరక్కుండా దాన్ని ఒళ్ళో వేసుకుని, నా తల్లే, నా బంగారు కొండే అంటుంటే ఒళ్ళు మండదూ?

అందులోనూ దాని గోళ్ళు తీసే రోజు చూడాలి ఆ వైభోగం. మిరపకాయలు ముట్టుకున్న చేతికి ఎంత కడిగినా మంట పోదు, ఆ చెయ్యి తగిలితే దాని కళ్ళు మండుతాయట. అందుకని ముందురోజు నుంచే కారం పనంతా నాకు అప్పగించేవారు. నా కళ్ళు మండినా పర్లేదన్నమాట.

పొద్దుటెండ పడే కిటికీ దగ్గర కూర్చుని, దాని వీపు తన పొట్టకు ఆనించుకునేవారు. తెల్లగోళ్ళలో గులాబీరంగు నరం కనిపిస్తుంది కదా, దానికి ఇవతలే ఆపేవారు. నల్లగోళ్ళలో నరం కనపడదు కాబట్టి నూకంత నూకంత తీసేవారు. కాలు లోపలివైపు పైనుండే గోరు నేలకు తగలదు, అరగదు, మెలితిరిగి మాంసంలోకి దిగుతుందని దాన్ని మాత్రం మరిచేవారు కాదు. ఒక్కో కాలికీ ఒక ఉడికిన గుడ్డు ముక్క. అది కాలు లాక్కుంటే ఆ పూటకి ఆపేసేవారు.

"ఇయ్యాల మిగిలిన గోరు రేపు తీసుకోవచ్చు. ఒక్కసారి నెత్తురు చూపించామా, మళ్ళీ కాలివ్వదు" అనేవారు. వంటింట్లో గోంగూర ఎనుపుతూ నేను పళ్ళు నూరుకునేదాన్ని.

ఈ చలికాలం మొదట్లో ఆవిడ కంట్లో శుక్లం ముదిరి, గోళ్ళలో నరం కంటికి ఆనడం మానేసింది. ఆపరేషన్ కోతలయ్యాక చూద్దాంలే అన్నారు. గోళ్ళ కత్తెర నా చేతికిచ్చి, కత్తిరించడం తర్వాత, ముందు పట్టుకోవడం నేర్చుకోమన్నారు. వేలి కింద ఎంత అదిమితే గోరు బయటికొస్తుందో చూపించడానికి నా ఉంగరపు వేలు పట్టుకుని మెల్లగా నొక్కారు.

"ఇంతే. నొప్పిగా ఉందా తల్లీ?"

ఆవిడ నా చెయ్యి పట్టుకోవడం అదే మొదలు. ఆ 'తల్లీ' కూడా అదే మొదలు. నాకు మొదటిసారే బాగా అర్థమైంది.

"తెలియలేదత్తయ్యా, మళ్ళీ చూపించండి" అన్నాను.

ఆవిడ నా మొహంలోకి చూశారు. ఏం ఆనిందో ఏమో, పక్క వేలు పట్టుకున్నారు. తర్వాత ఆ పక్కది. ఈలోగా పింకీ పరుగెత్తుకొచ్చి మా చేతుల మధ్య మూతి దూర్చింది. అత్తగారు దాన్ని మోచేత్తో అవతలికి నెట్టి, నా రెండో చెయ్యి కూడా ఇమ్మన్నారు.