ఎలుగ్గొడ్డూ, మా చిన్నాయనా

ఆ రోజుల్లో కోపం తీర్చుకోవడం ఇప్పటంత సులువైన పని కాదు. ఇప్పుడు చేతిలో ఫోను ఉంది, బొటనవేలు ఉంది. నాలుగు మాటలు నొక్కి పంపేసి హాయిగా టీ తాగొచ్చు. మా కాలంలో ఎవరి మీదైనా కోపం వస్తే తెల్లకాగితం వెతుక్కోవాలి, పెన్నులో సిరా ఉందో లేదో చూసుకోవాలి, కవరు తెచ్చుకోవాలి, ఎండలో పోస్టు డబ్బా దాకా నడవాలి. మనిషికి బుద్ధి రావడానికి దారిలో ఇన్ని మజిలీలు ఉండేవి. అన్నీ దాటి కూడా నాకు బుద్ధి రాలేదంటే, నా కోపం ఎంత న్యాయమైనదో మీరే ఆలోచించండి. చదివేవాళ్లలో ఒక్కరైనా నా పక్కన నిలబడతారన్న ఆశతోనే ఇదంతా రాస్తున్నాను. మా ఇంట్లో అయితే ఒక్కరూ నిలబడలేదు.

పెనుకొండలో బస్సు దిగి నాలుగు మైళ్లు నడిస్తే రెండు కొండల సందులో మా ఊరు. ముప్పై ఇండ్లు కూడా ఉండవు. వెనక కొండంతా సీతాఫలం చెట్లు, ముందర చెనక్కాయ చేన్లు. తొలకరికి ముందు విత్తనం కాయలు వలిచే రోజుల్లో ఊరి ఆడవాళ్లంతా మా ఇంటి ముందరి చప్పరం నీడన చేటలు ముందర పెట్టుకుని కూర్చునేవాళ్లు. మా అవ్వ, అంటే మా నాయన తల్లి, కథ చెప్పేది. ఆమె కథ నడుస్తుంటే చేతులు వాటంతట అవే పని చేసేవి. రాకుమారి ఏడుస్తుంటే నిదానంగా, రాక్షసుడు తరుముతుంటే టపటపా. పని వెనకబడిన రోజు మా నాయన, "అమ్మా, ఈ పొద్దు రాక్షసుని కత పెట్టు" అని బతిమాలుకునేవాడు. అంతవరకూ బాగానే ఉంది. కానీ రాక్షసులు చాలనట్టు అవ్వ ఇంట్లోవాళ్లను కూడా కథల్లోకి లాగేది. పేర్లు చెప్పదు. "ఒగ ఊర్లో ఒగ కోడలుండె. అది పాల మీద మీగడ తిని పిల్లి మీద పెట్టె" అంటుంది. అందరూ తల వంచుకుని నవ్వు ఆపుకుంటూ వలుస్తుంటారు. మా అమ్మ ఒక్కతే చేట విసురుగా కింద పెట్టి లోపలికి పోతుంది. (ఆ కోడలు మా చిన్నాయన భార్య, చిన్నమ్మ అని అమ్మ ఇప్పటికీ వాదిస్తుంది. నేను ఎటూ చెప్పను.)

ఇక అసలు సంగతి. నేను పదో తరగతి చదువుతున్నప్పుడు, దసరా సెలవుల్లో, ముసురు పట్టిన ఒక రోజు కొండ వాలులో ఉన్న మా చేనికి కూడు ఎత్తుకుని పోతున్నాను. గంపలో వేడివేడి రాగిసంగటి ముద్దలు, సట్టిలో పప్పు, ఆకులో చెనక్కాయ గింజలు నూరి చేసిన ఊరిబిండి. చేన్లో మా నాయన, ఆయన తమ్ముడైన మా చిన్నాయన ఉన్నారు. సీతాఫలాలు పండే కాలంలో మా కొండల్లో ఎలుగ్గొడ్లు, అదే ఎలుగుబంట్లు, కిందికి దిగుతాయి. ఇది నేను కల్పించిన మాట కాదు, ఊర్లో ఎవరినైనా అడగండి. దారి మలుపులో, పొద చాటున, నల్లగా, గుండ్రంగా, బొచ్చుబొచ్చుగా ఒకటి కదిలింది. గురగురమని శబ్దం చేసింది. మీరైతే ఏం చేసేవాళ్లు? నేను సంగటి గంప ఎత్తి దాని మీద విసిరికొట్టాను. గురి తప్పలేదు. తర్వాత వెనక్కి తిరిగి చూడకుండా పరుగెత్తాను. ఒక చెప్పు తెగింది, రెండోది నేనే వదిలేశాను, బండ మీద పడి మోకాలు చీరుకుపోయింది. ఊర్లోకొచ్చి, "ఎలుగ్గొడ్డు! చిన్నాయన్ని తినేసింది!" అని అరిచాను. తినేసిందని ఎందుకన్నానో నాకు తెలియదు. ఆ శబ్దంలో ఎందుకో మా చిన్నాయన గొంతు వినిపించింది, అది దాని కడుపులో నుంచి వచ్చిందనుకున్నాను.

ఊరు ఊరంతా కట్టెలు, కొడవళ్లు పట్టుకుని, పళ్లేలు మోగించుకుంటూ కొండెక్కింది. మలుపులో మా చిన్నాయన బండ మీద కూర్చుని ఉన్నాడు. జలుబు చేసిందని నెత్తి మీది నుంచి కప్పుకున్న నల్ల కంబళి భుజాల మీదికి జారి ఉంది. గడ్డంలో నుంచి పప్పు కారుతోంది. నుదుటి మీద సంగటి ముద్ద తగిలిన చోట నిమ్మకాయంత బొప్పి కట్టింది. "పండు కోసుకుందామని వంగితి. దగ్గొచ్చె, దగ్గితి. దానికి ఈ పని చేస్తారాప్పా ఎవురైనా?" అని అందరినీ అడుగుతున్నాడు. వాళ్లు నవ్వడం మొదలుపెట్టిన క్షణం నుంచి నేను ఒకే మాట మీద ఉన్నాను: నేను చూసింది ఎలుగ్గొడ్డునే, అది తప్పుకున్నాక చిన్నాయన అక్కడికి వచ్చాడు. ఆ సందులో అంత తొందరగా సంగటి ఆయన నెత్తి మీదికి ఎలా వచ్చిందన్న ప్రశ్నకు నా దగ్గర ఇంకా జవాబు లేదు.

పదో తరగతి పాసై ఇంటర్‌కు హిందూపురం వెళ్లాను, ఆడపిల్లల హాస్టల్లో చేరాను. కొత్త ఊరు, కొత్త మనుషులు. చీరుకుపోయిన మోకాలి మీద మచ్చ ఉండనే ఉంది. ఎవరో "ఇదేమిటే?" అని అడిగారు. నేను చెప్పాను. చెప్పేటప్పుడు కొంచెం సర్దాను. సంగటి స్థానంలో రాయి వచ్చింది, చిన్నాయన కథలో నుంచి పూర్తిగా తప్పుకున్నాడు, పరుగెత్తింది ఎలుగ్గొడ్డు. దాంతో హాస్టల్లో నా పరపతి పెరిగిపోయింది. హిందూపురంలో నీళ్ల కష్టం తెలిసినవాళ్లకు నేను వేరే చెప్పనక్కర్లేదు. కొళాయి ముందర బిందెల వరసంటే అది ఒక రాజ్యం. ఆ వరసలో నా బిందెను ముందుకు జరిపేవాళ్లు. ముఖ్యంగా నా గదిలోనే ఉండే మడకశిర అమ్మాయి, "ఎలుగ్గొడ్డును తరిమిన పిల్ల, నిలబెడ్తారా దాన్ని? జరగండి" అని దారి చేయించేది. ఏడాది పైగా అలా బతికాను.

రెండో ఏడాది జూన్‌లో రేడియోవాళ్లు మా ఊరికొచ్చి అవ్వ చెప్పే కథ టేపులో పట్టుకుపోయారని, ఫలానా ఆదివారం మధ్యాహ్నం వస్తుందని ఇంటి నుంచి కార్డు వచ్చింది. నేను హాస్టలంతా చాటింపు వేశాను. వార్డెనమ్మ తన రేడియో తెచ్చి వరండాలో పెట్టింది. అందరం చుట్టూ కూర్చున్నాం. మా అవ్వ గొంతు ఆ డబ్బాలో నుంచి వినిపించేసరికి నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. "ఒగ ఊర్లో ఒగ పిల్ల ఉండె. దానికి చేనికి సంగటి ఎత్తకపొమ్మని చెప్పిరి..." అంది అవ్వ. నీళ్లు అక్కడే ఇంకిపోయాయి.

ప్రపంచంలో ఇన్ని కథలుండగా! రాక్షసులేమయ్యారు? రాకుమారులేమయ్యారు? అవ్వ ఏదీ వదల్లేదు. సంగటి, కంబళి, దగ్గు, గడ్డంలో పప్పు, అన్నీ చెప్పింది. నా అరుపును నా గొంతుతోనే అరిచి చూపించింది. చివరికి, "సంగటికి దండం పెట్టి తినేవాళ్లుంటారు, సంగటితో దండించేవాళ్లూ ఉంటారు నాయనా" అని ముగించింది. వరండా అంతా పడి పడి నవ్వుతోంది. మడకశిర అమ్మాయి కళ్లు తుడుచుకుంటూ నా భుజం మీద చెయ్యి వేసి, "మీ అవ్వ ఏం చెప్పిందే! ఆ పిల్ల ఏవూర్దో గానీ ఎంత పిరికిదే! నీ కాలి గోటికి చాలదు" అంది.

ఇక్కడ ఆగి ఒక్కమాట. ఏ మాత్రం తెలివున్నవాళ్లయినా ఈ చోట నవ్వి, లేచి, బిందె తీసుకుని వెళ్లిపోతారు. కానీ నాకు రక్తం ఉడికిపోతోంది. జిల్లా జిల్లా అంతా ఆ పిల్ల పిరికిది అని నవ్వుతోంది కదా, ఆ పిల్ల పక్షాన మాట్లాడేవాళ్లు ఒక్కరూ లేరు కదా! గదిలోకి వెళ్లి తలుపేసుకుని రేడియోవాళ్లకు మూడు పేజీల జాబు రాశాను. ప్రసారమైన కథలో తప్పులున్నాయని, ఆ అమ్మాయి భయంతో సంగటి పారేయలేదని, గురి చూసి కొట్టిందని, పడటానికి కారణం తెగిన చెప్పు తప్ప పిరికితనం కాదని, ముసురులో నల్ల కంబళి కప్పుకుని పొదల్లో దగ్గేవాళ్లదే అసలు తప్పని వాదించాను. ఇవన్నీ మీకెలా తెలుసని అడుగుతారేమోనని, కింద నా పేరు, మా ఊరు, చదువుతున్న తరగతి, హాస్టలు అడ్రసు వివరంగా రాసి సంతకం పెట్టాను.

రెండు వారాల తర్వాత శ్రోతల ఉత్తరాలు చదివే కార్యక్రమంలో దాన్ని చదివారు. అవ్వ కథ విన్నప్పటి నుంచి ఆదివారం రేడియో వినడం మా హాస్టల్లో అలవాటైపోయింది, కాబట్టి ఒక్కరు కూడా తక్కువ కాకుండా అందరూ అక్కడే ఉన్నారు. చదివినామె గొంతు తేనెలా ఉంది. మూడు పేజీల్లో ఒక్క అక్షరం మింగకుండా చదివి, "ఆ కథలోని అమ్మాయి తానేనని శ్రోతలకు తెలియజేసిన ఈ విద్యార్థినికి మా అభినందనలు" అంది.  తర్వాత మడకశిర అమ్మాయి మెల్లగా నా వైపు తిరిగి, "అంటే... నువ్వు తరిమిన ఎలుగ్గొడ్డు మీ చిన్నాయనా?" అని అడిగింది. ఆ సాయంత్రం నుంచి నా బిందె వరసలో చివరిది.

మరుసటి శనివారం బస్సెక్కి పెనుకొండలో దిగి, నాలుగు మైళ్లూ అవ్వను అడగాల్సిన మాటలు కూడబలుక్కుంటూ నడిచాను. ఆ ఏడు వాన ఇంకా పడలేదు. చప్పరం కింద కాయలు వలుస్తూనే ఉన్నారు. నేను చెప్పులు కూడా విడవకుండా, "అవ్వా! నన్నడక్కుండా నా కత రేడియోలో ఎట్ల చెప్తివి?" అన్నాను.

"వచ్చినావా మే? ఎండన పడి వచ్చినావు, నీళ్లు తాగు" అంది అవ్వ. "నీ కత అని నేనంటినా? పేరు చెప్తినా, ఊరు చెప్తినా? ఒగ పిల్ల అంటి. అది నువ్వేనని జాబు రాసింది ఎవురు మే?"

నేను నోరు తెరిచేలోపు చిన్నాయన గోడ దగ్గర నుంచి లేచాడు. "జాబు రాయాల్సిందంటే నేను గదా రాయాల్సింది! బొప్పి కట్టింది నాకు, ఎలుగ్గొడ్డన్నది నన్ను. ఇప్పుడు సంతకు పోతే ఏమప్పా, జలుబు తగ్గినాదా అని అడుగుతాండారు!" అన్నాడు. అమ్మ ఊరుకోలేదు: "పగిలిన సట్టి నాది. మా అమ్మ ఇచ్చింది. దాన్ని గురించి ఒగ ముక్క చెప్పినారా కతలో?" మా నాయన, ఎప్పుడూ నెమ్మదిగా ఉండే మనిషి, ఆయన కూడా చేట పక్కన పెట్టి, "ఆ పొద్దంతా కూడు లేక పస్తున్న్యాను నేను. నన్ను కతలోనే పెట్టలేదే" అన్నాడు. నా ఒక్కదానికే అన్యాయం జరిగిందని అంత దూరం నడిచొస్తే, ఇంటిల్లిపాదీ నాకంటే ముందే వరసలో నిలబడి ఉన్నారు.

అవ్వ చేతులు దులుపుకుంది. "సరే, నువ్వే చెప్పు మే. వింటాము" అంది.

నిలబడే చెప్పడం మొదలుపెట్టాను. గురి గురించి, చెప్పు గురించి, వెలుతురు చాలకపోవడం గురించి చెప్పాను. ఆడవాళ్ల చేతులు నిదానించాయి. ఒకామె ఆవలించింది. ఉక్రోషం ఆగక, "అందరూ నేను పరుగెత్తింది చెప్తారే గానీ, మళ్లీ పోయింది చెప్పరెందుకు? ఊర్లో వాళ్లు కట్టెలు వెతుక్కునే లోపల చీపురు పొరక ఎత్తుకుని, కాళ్లకు చెప్పుల్లేకుండా, అందరికన్నా ముందు కొండెక్కింది ఎవరు? చిన్నాయన కాలో చెయ్యో మిగిలుంటే లాక్కొద్దామని పోయింది ఎవరు?" అనేశాను. అనేసి ఏడ్చేశాను. పద్దెనిమిదేళ్లు రాబోతున్న పిల్లను, అందరి ముందరా.

 చిన్నాయన నుదురు తడుముకుంటూ, "నిజమే. మొదుట వచ్చింది ఇదే. పొరకతో నా వీపున రెండు పీకింది కూడా, కంబళి తీసేదాకా" అన్నాడు. ఇంకోసారి నవ్వారు గానీ ఆ నవ్వు వేరు. అవ్వ మాత్రం నవ్వలేదు. మోకాళ్ల నొప్పులతో ఆ రోజు ఆమె కొండెక్కలేదు, గడప దగ్గరే కూర్చుని ఉండిపోయింది. "నాకెవురూ చెప్పలేదే" అంది. "దీన్ని ఇడ్సిపెట్టి చెప్తినే, అంతమందికి" అని చాలాసేపు చేటలో వేళ్లు ఆడిస్తూ ఉండిపోయింది. మా అవ్వ ఒక కథ గురించి బాధపడగా చూడటం నాకదే మొదలు.

మరునాడు నేను బయలుదేరేలోపు ఆమె ఆ కథ మళ్లీ చెప్పింది. ఈసారి పిల్ల వెనక్కి వెళ్లింది, అందరికన్నా ముందు, ఉత్త కాళ్లతో, రోకలి ఎత్తుకుని. "రోకలి కాదవ్వా, పొరక!" అన్నాను. "ఊరుకో మే. పొరకతో ఎలుగ్గొడ్డును కొడ్తారంటే వినేవాళ్లు నమ్మొద్దా?" అంది. నాకు మళ్లీ కోపమొచ్చింది, బస్సుకు టైమైందని ఊరుకున్నాను.

అవ్వ పోయి చాలా ఏండ్లయింది. నేను ధర్మవరంలో టీచరునయ్యాను. మొన్న వాన పడి ఆటల పీరియడు పోయిన రోజు ఆరో తరగతి పిల్లలకు ఈ కథ చెప్పాను. మోకాలి మచ్చ చూపించాను, చిన్నాయన దగ్గు దగ్గాను, పిల్ల రోకలి ఎత్తుకుని కొండెక్కిందని అవ్వ చెప్పినట్టే చెప్పాను. అందరూ నోళ్లు తెరుచుకుని వింటుంటే వెనక బెంచీలోని ఒక చిన్నది లేచి, "మిస్, రోకలి అంత బరువుంటాది గదా, దాన్ని ఎత్తుకుని కొండెక్కి ఎట్ల పరుగెత్తితిరి?" అని అడిగింది.

నాకెంత కోపమొచ్చిందో చెప్పలేను.