టీకాల ఫోల్డరు

మూడు వారాల కింద తాండూరు నుంచి మామ ఫోన్ చేశాడు. అమ్మకు అన్న, మాకు మేనమామ. అమ్మ పోయి వచ్చే నెలకు ఏడాది నిండుతుంది. ఆ రోజు సంస్మరణ కూడికలో పంచడానికి చిన్న పుస్తకం వేయించాలని, అమ్మ జీవితం గురించి అందులో తానే రాస్తానని చెప్పాడు. అంతవరకూ బాగానే ఉంది. తరువాత గొంతు తగ్గించి, "గా కంప్యూటర్ల చెల్లె పేరు మీదున్నది జర తెరిచిపెట్టు బిడ్డా. అండ్ల ఫోటోలు గీటోలు ఉంటయి గద" అన్నాడు. నేను తెరవనన్నాను. లైను కట్టయిందనుకున్నాడేమో, రెండుసార్లు హలో హలో అన్నాడు. లైను బాగానే ఉందని చెప్పి, తెరవనని మళ్ళీ అన్నాను.

ఆ కంప్యూటర్ వికారాబాద్‌లో మా ఇంటి ముందుగదిలో ఇప్పటికీ ఉంది. తమ్ముడు ఇంజనీరింగ్‌లో చేరినప్పుడు కొన్నది. వాడు హైదరాబాద్‌లో ఉద్యోగానికి పోతూ ల్యాప్‌టాప్ కొనుక్కున్నాడు, ఇది మాకు మిగిలింది. దాని మీద అమ్మ తన చేత్తో కుట్టిన గుడ్డ కప్పి ఉండేది. ఆ గుడ్డ తీసి మడతపెట్టడం, పని కాగానే మళ్ళీ కప్పడం ఆమె పనే. వేరేవాళ్ళు మడిస్తే నచ్చేది కాదు. వాడేవాళ్ళం ముగ్గురం. నేను కాలేజీ లైబ్రరీలో పనిచేస్తాను కాబట్టి నాకు జాబితాలు టైపు చేసుకునే అవసరం ఉండేది. మామ తాండూరులో సంఘ పెద్ద. ఆదివారం ఆరాధనలో పంచే కాగితం తయారు చేసుకోవడానికి శనివారం శనివారం రైలెక్కి మా ఇంటికి వచ్చేవాడు. తాండూరులో నెట్ సెంటర్లు లేక కాదు. "ఆళ్ళు వాక్యంల తప్పులు కొడ్తరు. రేపు దేవుని ముందర జవాబు చెప్పేది ఆళ్ళా, నేనా?" అనేవాడు. ఒక్క వేలితో ఒక్క పేజీ కొట్టడానికి ఆయనకు రెండు గంటలు, మూడు ఛాయ్‌లు పట్టేవి. మూడో మనిషి అమ్మ.

అమ్మ ఆరోగ్య శాఖలో నర్సమ్మగా చేసి రిటైరైంది. కుల్కచర్ల వైపు కొన్నేళ్ళు, పూడూరు వైపు కొన్నేళ్ళు టీకాల డబ్బా భుజానికి వేసుకుని ఊరూరా తిరిగింది. రిటైరయ్యాక రెండు నెలలు ఇంట్లో ఉన్న డబ్బాలన్నీ తోమింది, పరదాలన్నీ ఉతికింది, ఆ తరువాత ఉతకడానికి ఏమీ మిగలక నన్ను సతాయించడం మొదలుపెట్టింది. అప్పుడే తమ్ముడు ఓ సెలవుకు వచ్చి కంప్యూటర్‌లో తన ఆటలు చూపించాడు. తుపాకుల ఆటలు చూసి లేచిపోబోయింది. తరువాతది వ్యవసాయం ఆట. కొంత భూమి ఇస్తారు, ఒక ట్రాక్టర్ ఇస్తారు. దున్నాలి, విత్తాలి, కోయాలి. అంతే. అమ్మ మళ్ళీ కుర్చీలో కూర్చుంది. తమ్ముడు మర్నాడు వెళ్ళిపోయాడు. అమ్మ మాత్రం ఆ కుర్చీ వదల్లేదు.

దాచుకోవలసినంత విషయం ఇందులో ఏముందని మీరనవచ్చు. అది అర్థం కావాలంటే మామ ఇల్లు చూడాలి. ఇంటి ముందు చారెడు నేల కూడా కనబడకుండా నాపరాళ్ళు పరిపించాడు. ఒక్క పూలకుండీ ఉండదు. మోమిన్‌పేట్ దగ్గరి ఊళ్ళో మా తాత, అమ్మమ్మ జీవితమంతా ఇతరుల చేన్లలో కైకిలి కూలి చేశారు. సెలవుల్లో మామ, అమ్మ కూడా వెళ్ళేవారు. తరువాత మామ స్కూలు టీచరయ్యాడు, చెల్లెలిని చదివించాడు. మా వాళ్ళలో ఏ పెళ్ళయినా, ఎవరి బాప్తిస్మమైనా మామ లేచి నిలబడితే ఒకటే మాట: "మనం మట్టిలకెల్లి బయటపడ్డం." ఆ మాట చెప్పేటప్పుడు చూపుడువేలు నేలవైపు పెట్టేవాడు, నేల విని భయపడాలన్నట్టు. అలాంటి అన్నకు తన చెల్లెలు పొద్దున పదకొండు గంటలకు స్నానం చేసి, తల దువ్వుకుని, అద్దాలు తుడుచుకుని మరీ దున్నడానికి కూర్చుంటుందని తెలిస్తే ఏమవుతుంది? "నవ్వుతడా అమ్మా?" అని అడిగాను. "నవ్వితె సైసుత బిడ్డా. ఏడుస్తడు. గది సైసను" అంది.

అందుకని ఆటను ఒక ఫోల్డర్‌లో పెట్టింది. దానికి 'టీకాలు' అని పేరు పెట్టమని నాతో టైపు చేయించింది. ఇదేం పేరని నేను నవ్వితే ఆమెకు కోపం వచ్చింది. "ముప్పై ఏండ్లు ఇంటింటికి తిరిగి రాండ్రి రాండ్రి అని మొత్తుకుంటెనే ఎవ్వడు రాలే. నన్ను జూడంగనే పోరగాండ్లను ఎత్తుకొని గడ్డివాముల ఎనుక దాక్కున్నరు. గిప్పుడు కంప్యూటర్ల ఎతుక్కుంట వస్తరా?" అంది. లోకమంతా తప్పించుకు తిరిగే వస్తువు ఏదో ఆమెకు అనుభవం మీద తెలుసు. నాకు కూడా ఆ తర్కంలో లోపం కనిపించలేదు.

ఇంకో చిక్కు ఉంది. ఆ ఆట తమ్ముడి ఖాతా మీద నడిచేది. అమ్మ ఆడినప్పుడల్లా అక్కడెక్కడో తమ్ముడి స్నేహితులకు, వీడు ఆఫీసు వేళలో దున్నుతున్నాడని కనిపించేదట. వాడు నాకు ఫోన్ చేసి, "అక్కా, నీకు గీ ట్రాక్టర్ పిచ్చి ఎప్పటిసంది?" అన్నాడు. పక్కన అమ్మ వద్దు వద్దని చెయ్యి ఊపుతోంది. పిచ్చి నాదేనని ఒప్పుకున్నాను. ఆ ఆటను ఎవరికీ కనబడకుండా పెట్టమని చెప్పాను. పెట్టాడు గానీ, ఏ కంప్యూటర్ ఆటా ఆడి ఎరగని నేను ఆరేడేళ్ళపాటు మా బంధువుల్లో ట్రాక్టర్ అక్కగా చెలామణి అయ్యాను. ఇప్పటికీ వాడు అదే నిజమనుకుంటున్నాడు. ఇది చదివితే తెలుస్తుంది.

అంత చేసినా నాకు ఆ పొలం చూపించలేదు. ఛాయ్ తీసుకుని వెళ్తే తెర ఆర్పేసేది. గ్లాసు అక్కడ పెట్టి నేను వెళ్ళిపోయేదాకా ఆగేది. వంటింట్లోకి ఇంజను చప్పుడు, కోళ్ళ అరుపులు, మధ్యలో "జరుగు, జరుగు, నీ మీదికి ఎక్కిస్తనా ఏంది" అని అమ్మ ఎవరినో అదిలించడం వినబడేవి. ఒక్కోసారి బయటికి వచ్చి ప్రశ్నలు అడిగేది. ట్రాలీ తగిలించినప్పుడు వెనక్కి నడపడం ఎట్లా? నాకు తెలియదు. ఇందులో గోధుమ ఉంది, మక్క ఉంది, పొద్దుతిరుగుడు ఉంది, కంది ఎందుకు లేదు? అదీ నాకు తెలియదు. "కంది లేని ఎవుసం ఏం ఎవుసం? చేసినోనికి తాండూరు మొకం తెల్వదు" అని తిట్టుకుంటూ మళ్ళీ వెళ్ళి కూర్చునేది.

మీరు ఊహించే ఉంటారు. ఎక్కడికి పోయినా టీకా సర్టిఫికెట్ చూపించమనే రోజులు వచ్చాయి. గడ్డివాముల వెనక దాక్కున్న వాళ్ళందరూ వరసల్లో నిలబడ్డారు. మామ ఆ కాగితం పోగొట్టుకుని, శనివారం కాని ఒక రోజు చెప్పకుండా వచ్చాడు. దాని నకలు మా కంప్యూటర్‌లో ఎక్కడో దాచిన మాట నిజమే. అమ్మ ఇంటి వెనక దండెం మీద బట్టలు ఆరేస్తోంది. నేను అదే గదిలో కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తున్నాను. "ఇగో, దొరికింది. టీకాలు అని పెట్టిన్రు" అన్న మామ మాట చెవిన పడి నేను లేచేలోపు ఆయన నొక్కేశాడు. ట్రాక్టర్ చప్పుడు గదంతా నిండింది. మామ కుర్చీతో సహా వెనక్కి జరిగాడు. అమ్మ తడిబట్ట చేతిలో పట్టుకునే పరుగెత్తుకొచ్చి, నేరుగా గోడ దగ్గరికి వెళ్ళి స్విచ్చి కట్టేసింది.

"ఏంది చెల్లె గిది?" అన్నాడు మామ.

అలవాటు కొద్దీ నేను, "అది నాది మామా" అన్నాను.

"నీది గాదు, నువ్వు చిక్కుడుకాయలు ఒలువు" అంది అమ్మ. అన్న వైపు తిరిగి, "నాది. ఎవుసం చేస్తున్న" అంది.

మామ నవ్వలేదు. అమ్మ భయపడ్డట్టే ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "అమ్మ నడుము ఎట్ల వంగిపోయిందో నువ్వు జూడలేదా? గా మట్టి ఇడిసిపెట్టెతందుకు మనం ఎంత కొట్లాడినం? మల్ల దున్నవడితివా? గదీ కూసుండవెట్టి జీతమియ్యకుంట దున్నిపిచ్చే డబ్బాల?"

"అప్పుడు దున్నింది పటేల్ చేను అన్నా. ఇది నాది. పొద్దుగాల ఎవ్వడు పిలువడు. ఒడ్డు మీద నిలవడి ఎవ్వడు ఒర్లడు. ఆడిదానివి ట్రాక్టర్ ఎందుకెక్కినవని ఎవ్వడడుగడు. నేను సిగ్గువడి దాచిపెట్టలే. నాదని దాచిపెట్టుకున్న."

"మరి నాకొకపారి చూపియ్యి."

"చూపియ్య."

ఆ మాటకు మామ మొహం చిన్నబోయింది. చెల్లెలు తనకు ఏదైనా లేదనడం ఆయన జీవితంలో అదే మొదటిసారి కావచ్చు. ఆ వారంలోనే అమ్మ నాతో కంప్యూటర్‌ను మూడు పాళ్ళు చేయించింది. ఎవరి పేరు వారికి, ఎవరి పాస్‌వర్డ్ వారికి. మా రెండు వైపులా తాతముత్తాతల నుంచి గుంట భూమి లేదు కాబట్టి మా ఇంటి చరిత్రలో పంపకం అంటూ జరిగింది ఆ కంప్యూటర్‌కే. మామ రెండు శనివారాలు అలిగి రాలేదు. మూడో శనివారం వచ్చి తన వాటా తెరుచుకుని ప్రార్థన కాగితం టైపు చేసుకున్నాడు. ఆట మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

అమ్మ జబ్బు గురించి రాయను. నాలుగు నెలలు పట్టింది. కూర్చోగలిగినంత కాలం కూర్చుంది. ఆమె పాస్‌వర్డ్ నాకు తెలుసు, పెట్టింది నేనే. ఈ ఏడాదిలో దాన్ని ఒక్కసారి కూడా కొట్టలేదు. చూడాలని లేక కాదు. రోజూ అనిపిస్తుంది.

ఆ ఫోన్ తరువాతి శనివారం మామ ఒంటరిగా రాలేదు. తాండూరులో కంప్యూటర్లు బాగుచేసే ఆయనను వెంటబెట్టుకుని వచ్చాడు. పాస్‌వర్డ్ అక్కర్లేకుండా లోపలున్నవన్నీ తీయడం అరగంట పని అన్నాడతను. నేను కంప్యూటర్‌కూ అతనికీ మధ్య కుర్చీ వేసుకుని కూర్చున్నాను.

"చచ్చిపోయినోళ్ళకు దాపరికం ఏముంటది బిడ్డా?" అన్నాడు మామ.

"ఆమె బతికున్నప్పుడు నీకు చూపియ్యలే. నాకూ చూపియ్యలే. ఆమె పోయిందని మనకు హక్కు పుట్టదు మామా."

"నా చెల్లె. పలక పట్టిచ్చింది నేను. ఆమె ఏం చేసుకున్నదో నేను చూడొద్దా?"

"చూడొద్దు."

"గింత కఠినంగ ఎన్నడు మాట్లాడకపోతివి."

"ఇప్పుడు మాట్లాడుత."

వచ్చినాయన ఇద్దరి మొహాలూ చూసి, "సార్, నేను స్టేషన్ కాడ ఛాయ్ తాగుత. అవసరముంటె ఫోన్ చెయ్యి" అని సంచి తీసుకుని వెళ్ళాడు. మామ చాలాసేపు నిలబడే ఉన్నాడు. ఆయనకు డెబ్బై దాటాయి. కూర్చోమని అంటే నేను లేవాల్సి వస్తుందేమోనని నేనూ అనలేదు. చివరికి, "సరే, నాది నేను తెరుచుకుంట. గదానికి జాగ ఇయ్యి" అన్నాడు. లేచాను.

తన పాస్‌వర్డ్ కొట్టి, ఒక్క వేలితో మొదలుపెట్టాడు. పుట్టిన ఊరు, చదువు, ఉద్యోగం, తిరిగిన ఊళ్ళు. రెండు ఛాయ్‌లు అయ్యాయి. ఉద్యోగ విరమణ దగ్గరికి వచ్చి వేలు ఆపాడు. నేను ఆయన భుజం మీదుగా చూస్తూనే ఉన్నాను. నెమ్మదిగా ఒక్కొక్క అక్షరం పడింది: 'తరువాత సొంత వ్యవసాయం చేసుకున్నది.'

"గిది రాస్తె అడుగుతరు మామా" అన్నాను.

"అడగనీ. నేను చెప్తెనే గద తెలిసేది."

ఆ వాక్యం అట్లాగే అచ్చుకు వెళ్ళింది. కాపీలు రెండు రోజుల కింద వచ్చాయి. మోమిన్‌పేట్ నుంచి మా చిన్నమ్మ ఒకటి తీసుకుని చదివి, భూమి ఎక్కడ కొన్నారు, ఎన్నడూ చెప్పలేదేమని నిష్ఠూరంగా ఫోన్ చేసింది. ఉన్నది అన్నాను. ఎక్కడని మళ్ళీ అడిగింది. ఉన్నది చిన్నమ్మా అన్నాను. కూడికలో ఇంకా చాలామంది అడుగుతారు. మామ, నేను ఒకటే జవాబు చెబుతాం.

తమ్ముడు ఒకసారి చెప్పిన మాట ఒకటుంది. ఆ ఆటలో ఎవరైనా వచ్చి ఆడుతున్నంతసేపే పొద్దు కదులుతుందట. ఆపేసి వెళ్తే వదిలిన చోటే వదిలినట్టు ఉంటుందట. అమ్మ ఆఖరిసారి ఏం విత్తిందో, కోతకు వచ్చిందో లేదో నాకు తెలియదు. ఇక్కడ మాకు వానాకాలం పోయింది, యాసంగి పోయింది, ఏడాది నిండబోతోంది. అక్కడ ఆమె లేచి వచ్చిన తరువాత ఒక్క పూట కూడా గడవలేదు. నేను గడవనివ్వను.